మగ్గాలు నడుస్తుండగా

మొన్నీమధ్య డిపార్ట్‌మెంటులో కొత్తగా చేరిన ఎస్.ఐ. ఒకడు తిరుపతిలో మా ఇంటికి వచ్చాడు. కాఫీ తాగి, "సార్, మీ సర్వీసులో మరిచిపోలేని కేసు ఒకటి చెప్పండి" అన్నాడు. ఏ హత్య కేసో చెబుతాననుకుని నోట్‌బుక్కు కూడా తీశాడు. నేను ఒక కరెంటు మీటరు కథ మొదలుపెట్టాను. అబ్బాయి మర్యాదస్తుడు, లేచి పోలేదు గానీ రెండుసార్లు వాచీ చూసుకున్నాడు. మూడోసారి చూసుకోకముందే నేనే ఆపేశాను. కథ మాత్రం గొంతులోనే ఉండిపోయింది. అందుకే ఇక్కడ రాస్తున్నాను. చదివేవాళ్లు వాచీ చూసుకున్నా నాకు కనపడదు కదా.

అది డెబ్బైల చివరి మాట. నగరి వైపు, తమిళనాడు సరిహద్దు దగ్గర, ఒక మగ్గాల ఊళ్లో నన్ను ఎస్.ఐ.గా వేశారు. ఊరి పేరు ఎందుకు లెండి. చేతిమగ్గాలు ఒక్కొక్కటే పోయి కరెంటు మగ్గాలు వస్తున్న రోజులు. ఏ వీధిలో కాలు పెట్టినా టకటకా టకటకా ఒకటే మోత. ఆ ఊళ్లో మనుషులు మాట్లాడుకోరు, అరుచుకుంటారు. పెళ్లి సంబంధాలు కూడా అరుచుకునే కుదుర్చుకుంటారు. చేరిన మొదటి వారంలో వీధిలో తగవు జరుగుతోందనుకుని నేను రెండుసార్లు లాఠీ పట్టుకుని బయటికి పరుగెత్తాను. ఒకసారి చూస్తే ఇద్దరు ఆడవాళ్లు ఏం కూర చేశావని ఒకరినొకరు అడుగుతున్నారు. ఈ మోత సంగతి మీరు కాస్త గుర్తుపెట్టుకోండి.

ఒక రోజు పొద్దున పది గంటలప్పుడు కరెంటాఫీసు జూనియర్ ఇంజినీరు స్టేషన్‌కు వచ్చాడు. చెడ్డమనిషి కాదు, ఉత్త పిరికివాడు. చోరీలు పట్టుకోండి, చోరీలు పట్టుకోండి అని పైనుంచి ఆయనకు రోజూ కాగితాలు వచ్చేవి. నెలాఖరులోగా ఒక్క కేసన్నా చూపించకపోతే తన పని అయిపోయినట్టేనని మొహం వేలాడేసుకుని కూర్చున్నాడు. ఒక నేతగాడి మీటరుకు సీలు లేదని రికార్డులో చూశాడట. ఫిర్యాదు రాసిచ్చాడు. కేసు కట్టాం.

మా స్టేషన్ రైటర్ ఒక హెడ్‌కానిస్టేబులు. ఇరవై ఏళ్లుగా కలం తప్ప లాఠీ పట్టని మనిషి. అక్షరాలు ముత్యాల్లా ఉండేవి. ఆయనకు ఒక పద్ధతి ఉండేది. మహజరు అంటే నేరం జరిగిన చోట, సాక్షుల ఎదుట, చూసింది చూసినట్టు రాయవలసిన కాగితం. ఆయన దాన్ని స్టేషన్‌లో ఫ్యాను కింద కూర్చుని బయలుదేరకముందే రాసేవాడు. పేరు, వేళ దగ్గర మాత్రం ఖాళీలు వదిలేవాడు. సారా కేసుకు ఒక పాఠం, పేకాటకు ఒక పాఠం, కరెంటు చోరీకి ఒక పాఠం. సాక్షులు కూడా ఎప్పుడూ వాళ్లే. స్టేషన్ ఎదురుగా టీ అంగడి ఆయన, ఆ పక్కన సైకిల్ షాపు ఆయన. ఊళ్లో ఏ మూల ఏ నేరం జరిగినా ఆ ఇద్దరి కళ్లెదుటే జరిగేది. నాకు ముందున్నవాళ్లంతా ఆ కాగితాల మీద సంతకాలు పెట్టారు. నేనూ పెట్టాను.

జీపులో పోయాం. నేతగాడికి నలభై అయిదేళ్లుంటాయి. మధ్య ఇంట్లో నాలుగు మగ్గాలు, అన్నిటికీ కలిపి ఒకటే మోటారు. పైన ఇనుప షాఫ్టు, దాని మీదనుంచి బెల్టులు. ఆయన నాయన వసారాలో కూర్చుని రాట్నం మీద కండెలకు నూలు చుడుతున్నాడు. మీటరు పెట్టెకు సీలు లేని మాట నిజం. ఇంజినీరు టార్చిలైటు వేసి లోపల చూపించాడు. "చూడండి సార్, చక్రం కదలడం లేదు" అన్నాడు. నేనూ వంగి చూశాను. కదలడం లేదు.

నేతగాడు చేతులు కట్టుకుని నా పక్కన నిలబడి మెల్లగా అన్నాడు. "పొద్దున్నుంచి కరెంటే లేదు సామీ. కరెంటు లేకుండా అదెట్ల తిరుగుతాది?"

"అవన్నీ స్టేషన్‌కొచ్చి చెప్పుకో" అన్నాను.

ఇప్పుడు చదువుతున్న మీకు వెంటనే తట్టింది కదూ. నాకు తట్టలేదు. ముద్దాయి అన్నవాడు ఏదో ఒకటి అంటూనే ఉంటాడు, దాన్ని చెవిన వేసుకోకపోవడమే పోలీసు తెలివి అని నాకు నేర్పారు. నేను బాగా నేర్చుకున్నాను. ఇంజినీరు వెంట వచ్చిన లైన్‌మన్ మీటరు ఊడదీశాడు. ఇద్దరు కానిస్టేబుళ్లు మోటారును మోసుకుపోయి జీపులో వేశారు. వసారాలో ముసలాయన కండె వదలకుండానే కొడుకు మీద కేకలేశాడు. "చేతిమగ్గం గుంట పూడ్చొద్దురా అని నెత్తీనోరూ కొట్టుకుంటి. దానికైతే ఎవురొచ్చి మీటరు పెట్టిందురు?"

జీపు బానెట్టు మీద కాగితం పెట్టి రైటర్ ఖాళీలు పూరించాడు. నేను సంతకం పెట్టాను. ఇంజినీరు పెట్టాడు. స్టేషన్‌కు తిరిగొచ్చాక టీ అంగడి ఆయనా, సైకిల్ షాపు ఆయనా పెట్టారు. అయిదుగురిలో నలుగురం చదవలేదు. అయిదోవాడు రాసినవాడు.

మర్నాడు నేతగాడు జామీను మీద బయటికి వచ్చాడు. అప్పటినుంచి రోజు మార్చి రోజు స్టేషన్ మెట్ల దగ్గర కనపడేవాడు. "మోటరియ్యండి సామీ" అనేవాడు. నాలుగు మగ్గాల మీదా పడుగు ఎక్కించి ఉంది, బట్ట సగం నేసి ఉంది. మోటారు లేక ఆ బట్ట అట్లాగే దుమ్ము పడుతోంది. పెండ్లామూ, ఇద్దరు తమ్ముళ్లూ వేరేవాళ్ల మగ్గాల దగ్గరికి కూలికి పోతున్నారు. కేసు ప్రాపర్టీ అట్లా ఇవ్వడం కుదరదు, కోర్టు ఆర్డరు కావాలి అని నేను చెప్పేవాణ్ని. ఒక రోజు విసుక్కున్నాను కూడా. ఆ రోజు ఆయన ఇంకోమాట అన్నాడు.

"మగ్గం నిలిస్తే ఇంకో మగ్గం కాడికి పోతాం సామీ. వీధిలో పిలకాయలు మా ఇంటిని కరెంటు దొంగోళ్ల ఇల్లు అంటా ఉండారు. ఆ పేరు పెట్టుకోని యాడికి పోయేది?"

పదిహేను రోజుల తర్వాత ఒక మధ్యాహ్నం కేసు డైరీ రాద్దామని కూర్చుని ఆ మహజరు మొదటిసారి చదివాను. అందులో ఇలా ఉంది. ‘మగ్గములు నాలుగును నడుస్తుండగా, మీటరులోని చక్రము తిరుగక నిలిచియుండుట మేమందరము కళ్లారా గమనించితిమి.’ సరిగ్గా ఆ వాక్యం మీద ఉండగా ఊళ్లో కరెంటు పోయింది. మగ్గాల మోత ఒక్కసారిగా ఆగిపోయింది. ఎదురుగా టీ అంగడిలో గ్లాసులు కడుగుతున్న చప్పుడు నా టేబుల్ దాకా వినపడింది. అప్పుడు గుర్తుకొచ్చింది. ఆ రోజు వాళ్ల ఇంట్లో ఆ మనిషి నాతో మెల్లగా మాట్లాడాడు. నాకు ప్రతి మాటా వినపడింది. వసారాలో ముసలాయన చేతిలో రాట్నం కిర్రుమనడం కూడా వినపడింది. మగ్గాలు నడుస్తుంటే ఎట్లా వినపడుతుంది?

సైకిలెక్కి సబ్‌స్టేషన్‌కు పోయాను. అక్కడ ఆపరేటరు గంట గంటకూ ఒక పుస్తకంలో రాస్తాడు. ఆ తారీఖు తీయించాను. పొద్దున ఎనిమిదిన్నర నుంచి మధ్యాహ్నం దాకా ఆ లైనుకు సప్లై లేదు. స్తంభాల మీద పని ఉందని ఆపించారు. ఆపించింది ఎవరా అని చూస్తే కింద మన జూనియర్ ఇంజినీరు సంతకమే ఉంది. పొద్దున తానే కరెంటు తీయించి, పదింటికి స్టేషన్‌కొచ్చి, పదకొండింటికి చక్రం తిరగడం లేదని టార్చిలైటు వేసి చూపించాడు మహానుభావుడు. నాకు నవ్వు రాలేదు. ఒళ్లు మండింది.

లైన్‌మన్‌ను పట్టుకున్నాను. ఎండాకాలంలో ఆ మీటరు కాలిపోతే మార్చింది తానేనట. "సీసం సీళ్లు స్టాకులో లేవు సార్. వచ్చినాంక యేద్దామనుకుంటి, మరిసిపోతి" అన్నాడు. పుస్తకంలో సంతకం సంగతి చెప్పి ఇంజినీరును నిలదీశాను. చివరికి, "సీలు లేనిది నిజమే గదా సార్" అన్నాడు.

రైటర్‌ను పిలిచి ఆ వాక్యం మీద వేలు పెట్టాను. ఆయన కళ్లద్దాలు తుడుచుకుని, దాన్ని చదువుకుని, ఇందులో తప్పేముందన్నట్టు నా వైపు చూశాడు.

"మగ్గాలు నడస్తా ఉండాల్సిందే గదా సార్. నడవకుంటే దొంగతనం యాడుంటాది? కేసు నిలబడద్దా?"

"ఆ పొద్దు కరెంటు లేదబ్బా!"

"అది నేను రాసేటప్పుటికి నాకెట్ల తెలుస్తాది సార్?"

ఫైలు మూసి చంకలో పెట్టుకున్నాను.

మా సర్కిల్ ఇన్‌స్పెక్టరుకు చెప్పాను. పొరపాటు కేసని కోర్టుకు రిపోర్టు పెట్టి మూసేద్దాం, మోటారు ఇచ్చేద్దాం అన్నాను. ఆయన నన్ను తిట్టలేదు. "అట్లే చెయ్యి. అయితే ఎల్లుండి నుంచి తిరుమలలో బ్రహ్మోత్సవాల బందోబస్తు. దిగొచ్చినాక నిదానంగా, రైటర్ మీదికి రాకుండా రాసుకో. అందాకా డైరీలో ఏమీ పెట్టొద్దు" అన్నాడు. సబబుగానే ఉందనిపించింది. పది రోజుల్లో మునిగిపోయేదేముంది అనుకున్నాను.

బయలుదేరిన పొద్దున బస్టాండులో పరుపుచుట్ట చంకలో పెట్టుకుని నిలబడి ఉన్నాను. నేతగాడు పరుగెత్తుకుంటూ వచ్చాడు.

"సామీ, సబ్‌స్టేషన్‌లో పుస్తకం రాస్తారంట. ఆ పొద్దు కరెంటు లేనిది దాంట్లో ఉంటాది. మీరు ఒక్కసారి సూడండి సామీ."

ఆ పుస్తకం నేను అంతకు రెండు రోజుల ముందే చూశాను.

"పది దినాలు ఆగప్పా. కొండమీద నుంచి వచ్చినాక చూస్తా."

"సూస్తారు గదా?"

"చూస్తానంటిని గదా!"

బస్సు వచ్చింది, ఎక్కేశాను. నువ్వు దొంగవు కాదు, నాకు తెలిసిపోయింది, ఇంటికి పో అని ఒక్క మాట అనడానికి ఎంతసేపు పడుతుంది? అనలేకపోయాను. రైటర్ ఉద్యోగం, ఇంజినీరు ఉద్యోగం, నా ఉద్యోగం అని నాకు నేను చాలా కారణాలు చెప్పుకున్నాను. అసలు కారణం వేరు. యూనిఫారంలో ఉండి ముద్దాయితో నాదే తప్పు అనడం ఎట్లాగో నాకు తెలియదు. ఎవరూ నేర్పలేదు, నేనూ నేర్చుకోలేదు.

తిరుమలలో వాహనాల ముందు తాడు పట్టుకుని జనాన్ని ఆపుతూ పది రోజులు నిలబడ్డాను. గరుడ సేవ నాటికి గొంతు పూర్తిగా పోయింది. దిగివచ్చి స్టేషన్‌లో అడుగుపెట్టేసరికి నా టేబుల్ మీద హైకోర్టు కాగితం ఉంది. ఈ కేసులో దర్యాప్తుతో సహా సమస్త చర్యలూ నిలిపివేయవలసిందని అందులో ఉంది. వీధి పెద్దలు నేతగాణ్ని చిత్తూరులో ఒక వకీలు దగ్గరికి తీసుకుపోయారు. ఆయన హైదరాబాదులో తన సీనియర్ దగ్గరికి పంపాడు. జూనియర్ ఇంజినీరుకు ఫిర్యాదు ఇచ్చే అధికారం లేదు, ఇట్లాంటి ఫిర్యాదు మీద దర్యాప్తు చేసే అధికారం పోలీసులకు లేదు అని వాళ్ల వాదన.

సాయంత్రం నేతగాడు వచ్చాడు. ఆ కేసు మొదలయ్యాక ఆయన మొహంలో నవ్వు చూడటం అదే మొదటిసారి.

"స్టే తెచ్చినాం సామీ! ఇంక మీరేం సెయ్యలేరు."

"నిజమేనప్పా" అన్నాను. "ఇంక నేనేమీ చెయ్యలేను."

"అయితే మోటరియ్యండి."

తల పట్టుకున్నాను. స్టే అంటే ఏమిటో ఆయనకు అరగంట చెప్పాను. నేను నీమీద కేసు నడపకూడదు, మూసెయ్యనూ కూడదు, మోటారు నా దగ్గర పెట్టుకోవాల్సిందే, నీకు ఇవ్వకూడదు అన్నాను. గొంతు లేని గొంతుతో చెప్పాను. ఆయన నమ్మలేదు. నేను కసి తీర్చుకుంటున్నానని అనుకున్నాడు.

"కరెంటు లేదన్న సంగతి మీ వకీలుకు చెప్పలేదా నువ్వు?" అని ఆ పోయిన గొంతుతోనే అరిచాను.

"సెప్పినా సామీ. అది ఫ్యాక్టంట. హైకోర్టుకు లా కావాలంట."

ప్రభుత్వం తరఫున మా కోర్టులో వాదించే ప్రాసిక్యూటరు దగ్గరికి పోయాను. ముద్దాయికి అనుకూలంగానే కదా, మూసేస్తూ రిపోర్టు ఇస్తాను అన్నాను. "స్టే అంటే స్టేనయ్యా. అనుకూలంగా రాసినా అది దర్యాప్తే. ఎవరికోసం ఉద్యోగం పోగొట్టుకుంటావు?" అన్నాడు ఆయన. నేతగాడు మోటారు కోసం మేజిస్ట్రేటు కోర్టులో అర్జీ పెట్టుకున్నాడు. రికార్డు హైకోర్టుకు పోయింది, అది తిరిగివచ్చేదాకా ఏ ఆర్డరూ వేయలేమని అక్కడా చెప్పారు. నేను పది రోజులు ముందు కలం తీసి ఉంటే ఆ రిపోర్టు కోర్టులో ఉండేది. పది రోజులు ఆగినందుకు అది నాలుగేళ్లు ఆగింది.

అవును, నాలుగేళ్లు. ఆ మధ్యలో నన్ను పుత్తూరు వైపు మార్చారు, అక్కడినుంచి చిత్తూరుకు మార్చారు. ఊరు వదిలేటప్పుడు స్టేషన్ సామాన్ల జాబితాలో ‘మోటారు ఒకటి’ అని చదివి, ఉందని చూసుకుని, సంతకం పెట్టి అప్పగించాను. మూలగదిలో దాని మీద గోనెసంచులు వేసి ఉన్నాయి. చిత్తూరులో ఉన్నప్పుడు కోర్టు పనిమీద పోతే వకీళ్ల వరండాల్లో రెండు మూడుసార్లు ఆయన కనపడ్డాడు. చంకలో గుడ్డసంచి, అందులో కాగితాలు. తానూ వేరేవాళ్ల మగ్గం మీద కూలికి పోతున్నాడని విన్నాను. ఆ నాలుగు మగ్గాల మీది బట్టను కోసి తీసేశారట. విషయం కోర్టులో ఉంది, నా నోరు కట్టేశారు అని సమాధానం చెప్పుకుని నేను పక్కకు తప్పుకునేవాణ్ని. నిజానికి నా నోరు ఎవరూ కట్టలేదు. హైకోర్టు ఆపమన్నది దర్యాప్తును. మనిషితో మాట్లాడొద్దని ఎక్కడా రాయలేదు.

చివరికి తీర్పు వచ్చింది. ఇంజినీరు ఫిర్యాదు చెల్లుతుంది, పోలీసులు దర్యాప్తు చేయవచ్చు, పిటిషన్ కొట్టేశాం అన్నారు. నేతగాడు ఓడిపోయాడు. నేను సంతోషించాను. ఇప్పటికైనా మూసెయ్యవచ్చు కదా అని ఆ మర్నాడే బస్సెక్కి ఆ ఊరికి పోయాను. అప్పుడు అక్కడున్న ఎస్.ఐ. చురుకైనవాడు, చురుకుదనమే కొంప ముంచింది. అప్పటికే చార్జిషీటు టైపు చేయించి సంతకం పెట్టేశాడు.

జరిగింది చెప్పాను. ఆయన ఫైలు తిరగేసి నా ముందు పెట్టాడు.

"మీ డైరీలో ఒక్క ముక్క లేదు సార్. మహజరు కింద మీ సంతకం ఉండాది. నేను దేన్ని చూసి మూసేది? సబ్‌స్టేషన్ పుస్తకాలు అడిగినా, పాతవి చెదలు పట్టినాయని పారేసినారంట. మీకంత ఉంటే మీరే కోర్టులో చెప్పండి సార్."

అతను చెప్పిందాంట్లో తప్పు లేదు.

నాకు సాక్షి సమన్లు వచ్చాయి. ఆ రోజు కోర్టు వరండాలో రైటర్ నాకోసం కాచుకుని ఉన్నాడు. మనిషి బాగా తగ్గిపోయాడు. పక్కకు పిలిచి నా చెయ్యి పట్టుకున్నాడు.

"వచ్చే నెలలో రిటైరు సార్ నేను. మగ్గాలు నడస్తా ఉండినాయి అని ఒక్క మాట అంటే సరి. ముద్దాయికి కూడా పెద్ద శిక్షేం పడదు, ఏదో జుల్మానా ఏస్తారు."

ఆ చేతిని విడిపించుకోవడం నాకు చాలా కష్టమైంది. బోనులో ఏం చెబుతానో అప్పటికి నాకే తెలియదు. ముప్పై ఏళ్లు నమ్మకంగా పనిచేసిన మనిషి ఒకవైపు, దొంగ పేరు మోస్తున్న మనిషి ఒకవైపు. ఇద్దర్నీ ఆ స్థితికి తెచ్చినవాణ్ని నేను.

బోనెక్కాను. ఎదుటి బోనులో నేతగాడు నిలబడి ఉన్నాడు. ప్రాసిక్యూటరు అడిగినవాటికి పేరు, హోదా, ఫిర్యాదు, జీపు, సీలు అన్నీ చెప్పాను. మహజరు చూపించి ఇది మీ సంతకమేనా అన్నాడు. నాదే అన్నాను. అందులో ఉన్నదంతా నిజమేనా అని అడగనేలేదు. అడగాలని ఆయనకు తోచలేదు. తర్వాత ముద్దాయి తరఫు వకీలు లేచి గంటసేపు మళ్లీ అదే పాట పాడాడు. ఇంజినీరుకు అధికారం ఎవరిచ్చారు, మీకు అధికారం ఎవరిచ్చారు అన్నాడు. హైకోర్టు కొట్టేసిన వాదనను అక్షరం పొల్లుపోకుండా మేజిస్ట్రేటుకు వినిపించాడు. నాకు చిర్రెత్తుకొచ్చింది. అసలు సంగతి అడగవయ్యా అని అరవాలనిపించింది.

ఆఖరున ఆయన కాగితాలు సర్దుకుంటూ, నా వైపు చూడకుండా, ఒక్క ఊపిరిలో అనేశాడు. "ఆ రోజు అసలు కరెంటే లేదనీ, మగ్గాలు నడవడం లేదనీ, మహజరు స్టేషన్‌లో కూర్చుని రాసినదనీ నేనంటున్నాను."

మన కోర్టుల్లో ఇదొక ఆనవాయితీ. ముద్దాయి వకీలు చివర్లో అట్లా అంటాడు, పోలీసు సాక్షి ‘సరికాదు’ అంటాడు, ఇద్దరూ ఇంటికి పోతారు. ఆ జవాబు ఎంత ఖాయమంటే టైపిస్టు నాకోసం ఆగలేదు. ‘అనడం సరికాదు’ అని టకటకా కొట్టేసి కాగితం పైకి జరిపాడు. నేను ఆ కాగితం వైపు చూశాను. ఇంకోసారి నాకంటే ముందే ఎవరో రాసిపెట్టారు, నేను సంతకం పెడితే చాలు.

"నిజమే" అన్నాను.

వకీలు సగం కూర్చున్నవాడు అట్లాగే ఆగిపోయాడు. మేజిస్ట్రేటు తలెత్తి, "ఏమన్నారు?" అన్నాడు.

"ఆయన అన్నది నిజమేనండి. ఆ రోజు కరెంటు లేదు. మగ్గాలు నడవడం లేదు. మహజరు ముందే రాసింది. నేను చదవకుండా సంతకం పెట్టాను."

"ఇన్నేళ్ల తర్వాత అంత గట్టిగా ఎట్లా చెబుతున్నారు?"

"ముద్దాయి అప్పుడు నాతో మాట్లాడాడండి. మెల్లగా మాట్లాడాడు, కరెంటు లేదనే చెప్పాడు. నాకు ప్రతి మాటా వినపడింది. నాలుగు మగ్గాలు నడిచే ఇంట్లో చెవిలో అరిచినా వినపడదు. తర్వాత సబ్‌స్టేషన్ పుస్తకం కూడా చూశాను."

"ఎప్పుడు చూశారు?"

దీనికి నేను సిద్ధపడి రాలేదు.

"కేసు కట్టిన పదిహేను రోజులకండి."

మేజిస్ట్రేటు కలం కింద పెట్టాడు. టైపిస్టు రబ్బరు కోసం వెతుక్కుంటున్నాడు. ప్రాసిక్యూటరు మొహం ఎర్రగా చేసుకుని, తన సాక్షే అడ్డం తిరిగాడని రాసుకొమ్మన్నాడు. నేను ఎదుటి బోను వైపు చూశాను. నేతగాడు నవ్వుతాడనుకున్నాను. ఆయన బోను కడ్డీని రెండు చేతులతో పట్టుకుని నన్నే చూస్తున్నాడు.

బయట వరండాలో నా దగ్గరికి వచ్చాడు.

"అయితే మీకు అప్పుడే తెల్సునా సామీ?"

"తెలుసు."

"బస్టాండుకాడ నేను అడిగినప్పుటికే పుస్తకం సూసేసినారా?"

"చూసేశాను."

తిడితే బాగుండునని నిలబడ్డాను.

"ఆ పొద్దు ఒక్క మాట సెప్పింటే నేను ఐదరాబాదుకు పోకనే ఉందును గదా సామీ" అన్నాడు. మెల్లగానే అన్నాడు. గుడ్డసంచి చంకలో పెట్టుకుని మెట్లు దిగి పోయాడు.

కేసు కొట్టేశారు. నాకు చార్జిమెమో వచ్చింది, రెండేళ్లు ఇంక్రిమెంట్లు ఆపారు, ప్రమోషన్లో వెనకబడ్డాను. రైటర్ పింఛను కూడా ఆపారు. చదవకుండా సంతకం పెట్టిన బాధ్యత నాదని రాసిచ్చి, ఆఫీసుల చుట్టూ తిరిగి, ఏడాదికి అది విడిపించాను. ఆయన నాతో మళ్లీ మాట్లాడలేదు. ఇంజినీరుకు ఏమీ కాలేదు.

మోటారు నేతగాడికి ఇచ్చేశారు. నాలుగేళ్ల చెమ్మకు లోపలి చుట్టలు పాడైతే మళ్లీ చుట్టించుకున్నాడని తెలిసింది. తర్వాత కొన్నేళ్లకు వేరే పనిమీద ఆ ఊరికి పోయినప్పుడు ఆ వీధిలోకి నడిచాను. కాళ్లు అటు తీసుకుపోయాయి అనడం అబద్ధం, కావాలనే పోయాను. తలుపు తీసే ఉంది. నాలుగు మగ్గాలూ నడుస్తున్నాయి, మోతకు గోడలు అదురుతున్నాయి. ఆయన జుట్టు నెరిసింది. గడపలో నన్ను చూసి గుర్తుపట్టాడు. చేత్తో తెగిన పోగు ముడివేస్తూనే నాతో ఏదో అన్నాడు. పెదవులు కదలడం కనపడింది. ఒక్క ముక్క వినపడలేదు.

ఆయన రెండోసారి అనలేదు. ఏమన్నావప్పా అని అడగాలంటే మగ్గాలు ఆపమనాలి. ఆ ఇంట్లో ఒకసారి మగ్గాలు ఆపినవాణ్ని నేను. మళ్లీ ఆపమనే నోరు లేక, దణ్ణం పెట్టి బస్టాండుకు నడిచాను.